రైలు పోయెను, దారి మిగిలెను

ఒకసారి వేసిన దారి యెన్ని విధముల నుపయోగపడగలదో మన విద్యార్థులు తెలిసికొనవలెనను కోరికతో, అమెరికా దేశమందలి చికాగో నగరమునకు పడమట నడచిన యొక విద్యుత్ రైలుమార్గపు చరిత్రను ఇచ్చట వివరింపదలచితిమి. దాని పేరు చికాగో, అరోరా, ఎల్గిన్ రైలుమార్గము.

ఇది యెట్టి రైలో మొదట చెప్పెదము. ట్రాముబండి పట్టణపు వీధులలో నడచును. పొగబండి దూరప్రాంతములకు పోవును. ఈ రెంటికి నడుమ, పట్టణమునుండి పట్టణమునకు విద్యుచ్ఛక్తిచే నడచు బండ్లు 1900 ప్రాంతమున అమెరికాలో విరివిగా వెలసెను. వానిని ఆ దేశీయులు ఇంటర్‌అర్బన్ రైళ్లనిరి. వానికి పొగయు మసియు లేవు. అవి తఱచుగా నడచుచు, చిన్న యూళ్లయందును ఆగెడివి.

మేము చెప్పుచున్న మార్గము 1902లో అరోరా వరకును, 1903లో ఎల్గిన్ వరకును తెఱవబడెను. చికాగో నుండి పడమటికి వచ్చి, వీటన్ అను నూర రెండుగా చీలి, ఒక శాఖ అరోరాకును, మఱియొకటి ఎల్గినునకును పోయెడిది. ఆ రెండూళ్లును ఫాక్సు నది యొడ్డున నున్నవి. ఆ నదియొడ్డుననే బటేవియా యను నూర కంపెనీవారు విద్యుత్తును పుట్టించు కర్మాగారమును కట్టిరి. మార్గమున అధికభాగమందు తలపై తీగకు బదులుగా, పట్టాల ప్రక్కను మూడవ పట్టా నొకదానిని వేసి, దానిలో 600 వోల్టుల విద్యుత్తును ప్రవహింపజేసిరి. బండి ప్రక్కనున్న లోహపు పలక దానిని తాకుచు శక్తిని గ్రహించెడిది. బాట అడ్డముగా వచ్చుచోట మూడవ పట్టా ఆపబడియుండును. నేడు కలకత్తా మెట్రోలోను మూడవ పట్టా పద్ధతియే కలదు.

1905 మొదలు ఈ బండ్లు చికాగోలోని స్తంభములపై కట్టిన యెత్తు పట్టాల మీదికెక్కి, వెల్స్ వీధి స్టేషనును చేరుచుండెను. తన యూర నెక్కినవాడు నడుమ బండి మారకయే నగరపు నడిబొడ్డున దిగెడివాడు. ఈ మార్గమునకు ప్రాణమిదియే యని విద్యార్థులు గుర్తుంచుకొనవలెను.

1926లో శామ్యూల్ ఇన్సల్ అను విద్యుత్ వ్యాపారి దీనిని తన యధీనమునకు దెచ్చుకొని బాగుచేయించెను. కాని 1932లో ఆయన వ్యాపారములు కూలినప్పుడు ఈ కంపెనీయు దివాలా తీసెను. అప్పటికే మోటారుకార్లు పెరుగుచుండెను. కార్లు నడచు రోడ్లు ప్రజలు చెల్లించిన ధనముతో వేయబడెను. రైలు కంపెనీ మాత్రము తన దారిని తానే బాగుచేసికొనుచు, దానిపై పన్నును గూడ చెల్లింపవలసియుండెను. ఇట్టి పోటీ సమానమైన పోటీ కాదు.

అయినను చావుదెబ్బ 1953లో తగిలెను. నగరమందు కాంగ్రెస్ వీధి రహదారిని నిర్మించుటకై ఆ యెత్తు పట్టాలను తీసివేయవలసివచ్చెను. ఆ సంవత్సరము సెప్టెంబరు నుండి బండ్లు నగరమధ్యము చేరక, శివారునందలి ఫారెస్టు పార్కు కడనే నిలిచిపోయెను. ప్రయాణికులు అచ్చట దిగి వేఱుబండి నెక్కవలసి వచ్చుటచే, అనేకులు ఈ రైలును విడిచిరి. తెగినది కొలది మైళ్లు మాత్రమే, నష్టపడినది మార్గమంతయు.

1957 జూలై 3వ తేదీ మధ్యాహ్నమున ప్రయాణికుల బండ్లు నిలిపివేయబడెను. ఉదయము ఆ రైలునందే పనికి వచ్చినవారు సాయంకాలము ఇండ్లకు మరలబోవగా బండి లేదు! సరకుల బండ్లు 1959 వరకు నడచెను. 1961లో మార్గము శాశ్వతముగా వదలివేయబడెను.

ఇక మిగిలినది పొడవైన సన్నని నేల. దానిని ముక్కలుగా పంచుకొనుటకు ఆశపడువా రుండక మానరు. అప్పుడు మే థీల్‌గార్డ్ వాట్స్ అను ప్రకృతిశాస్త్ర బోధకురాలు, తన 70వ యేట, 1963 సెప్టెంబరులో చికాగో ట్రిబ్యూన్ పత్రికకు ఒక లేఖ వ్రాసెను. ఆమె బ్రిటనులోని కాలిబాటలను నడచి చూచినది. ఆ నేల ముక్కలు కాకముందే దానిని ప్రజలు నడచు బాటగా చేయవలెనని ఆమె కోరెను. ఆ లేఖను చదివినవారు సంఘముగా కూడిరి. 1966లో డ్యూపేజ్ కౌంటీవారు తమ హద్దులోని భాగమును బాటగా వాడుకొనుటకు ఆ సంఘమున కనుమతించిరి. అదియే ఇల్లినాయి ప్రెయిరీ బాట. ప్రెయిరీ యనగా విశాలమైన పచ్చికబయలు. అమెరికాలో రైలుదారిని బాటగా మార్చిన తొలి ప్రయత్నములలో ఇది యొకటి. నేడు దీని పొడవు సుమారు 61 మైళ్లు. పట్టాలు చీలిన వీటన్‌లోనే ఇప్పుడు బాట శాఖలును కలిసికొనుచున్నవి. 1902లో తయారైన 20వ నంబరు బండి సౌత్ ఎల్గిన్ నందలి ట్రాము ప్రదర్శనశాలలో భద్రపరుపబడినది.

ఈ చరిత్రనుండి మేము గ్రహించిన దిది. దారికి విలువ దాని నేలలో లేదు. అది తెగక సాగుటలో నున్నది. కొన తెగినందున రైలు చచ్చెను. ముక్కలు కాకుండ కాపాడినందున బాట బ్రదికెను. మన గ్రామములందలి పుంతదారులును, కాలువగట్లును ఎవరి కంచె క్రిందికో గజము గజముగా జరిగిపోవుచున్నప్పుడు, గజమేగదా యని మన మూరకుందుము. అట్లూరకుండక, సకాలమున ఒక జాబైన వ్రాయగల పౌరులుగా మన విద్యార్థులు పెరుగుదురు గాకయని కోరుచున్నాము.