సోలెడు ఉప్పు

మీ ఇంట్లో వంటల పుస్తకం ఉందా? అచ్చుపుస్తకమే కానక్కర లేదు. అమ్మగారో అత్తగారో చేత్తో వ్రాసి ఉంచిన నోటుపుస్తకమైనా సరే. నా దగ్గర మా అమ్మది ఒకటి ఉంది. దాన్ని నమ్ముకుని నేను వరసగా రెండేళ్లు ఆవకాయ పాడుచేసుకున్నాను. తప్పు పుస్తకానిది కాదు, నాదీ కాదు. మరెవరిదంటే, అదే చెప్పబోతున్నాను.

అమ్మ పోయిన ఏడాది ఎండాకాలంలో మొదటిసారి ఒక్కదాన్నే ఆవకాయ కలిపాను. “నాలుగు సోలల ముక్కలకు సోలెడు ఆవపిండి, సోలెడు కారం, సోలెడు ఉప్పు, ముక్క మునిగేదాకా నువ్వులనూనె” అని అమ్మ వ్రాత. అమ్మ వాడిన ఇత్తడి సోల కూడా నా దగ్గరే ఉంది. పొల్లు పోకుండా చేశాను. మూడోనాడు తిరగకలిపి రుచి చూద్దును గదా, నోట పెట్టలేనంత ఉప్పన! మరుసటి ఏడు భయపడి సగానికి సగం తగ్గించాను. శ్రావణమాసం వచ్చేసరికి జాడీలో తెల్లని బూజు. మావారు ఏమీ అనలేదు గాని, మా పిల్లవాడు “అమ్మమ్మ ఆవకాయ ఇంక రాదా అమ్మా?” అన్నాడు. ఆ మాటకి జాడీ కడుగుతూ ఏడ్చాను.

అప్పుడు మా పిన్ని వచ్చి, “ఏ ఉప్పు పోశావే?” అంది. ఇంకేముంది, ప్యాకెట్టులో వచ్చే మెత్తని ఉప్పే పోశాను. అమ్మ రోజుల్లో రాళ్ల ఉప్పు ఎండబెట్టి రోట్లో కచ్చాపచ్చాగా దంచేవారు. బరక ఉప్పులో పలుకుకీ పలుకుకీ మధ్య ఖాళీ ఉంటుంది. మెత్తని ఉప్పు ఖాళీ లేకుండా సర్దుకుంటుంది. సోల అదే, తూకం వేరు. నేను ఇంట్లో త్రాసు మీద పెట్టి చూశాను. దంచిన ఉప్పు పావుకిలోకి కాస్త అటూ ఇటూ తూగింది. మెత్తని ఉప్పు మూడు వందల గ్రాములు దాటింది. అలాగని సగం తగ్గిస్తే, ముక్కలో ఊరే నీటిని కాపాడడానికి ఉప్పు చాలదు, బూజు పడుతుంది. పచ్చట్లో ఉప్పు రుచికే అనుకుంటాం గాని, నిలవ ఉంచేది కూడా అదేగా!

పాత పుస్తకాలతో వచ్చే చిక్కంతా ఇలాంటిదే. వ్రాసినవారికి తెలిసిన సంగతి వారు వ్రాయరు. ఉప్పంటే ఏ ఉప్పో చెప్పాలని మా అమ్మకు తోచనే లేదు. కొలతలు కూడా అంతే. నాలుగు గిద్దెలు సోల, రెండు సోలలు తవ్వ, రెండు తవ్వలు మానిక అని మన పెద్దవాళ్లకు నోటికి వచ్చు. తూకంలోకి వస్తే, మన వైపు వీశె అంటే అయిదు శేర్లు, అంటే 120 తులాలు. నేటి లెక్కలో కిలో నాలుగు వందల గ్రాములు. అంటే మన శేరు 280 గ్రాములే! ఉత్తరాది శేరు 80 తులాలు, కిలోకి కాస్త తక్కువ. పాత పుస్తకంలో “శేరు బెల్లం” అని ఉంటే ఏ శేరో తెలుసుకోకుండా పాకం పట్టకండి. 1956లో చట్టం వచ్చి, 1960ల మొదట్లో కిలోలూ లీటర్లూ అమలులోకి వచ్చాక ఈ లెక్కలు మరుగున పడ్డాయి.

ఈ చిక్కు ముందే గ్రహించిన ఇల్లాళ్లు లేకపోలేదు. మద్రాసులో ఎస్. మీనాక్షి అమ్మాళ్ 1951లో “సమైత్తు పార్” అని అరవంలో పుస్తకం వేశారు. వండి చూడు అని అర్థం. దగ్గర పెద్దదిక్కు లేని కొత్త కోడలు కూడా చూసి వండుకోగలగాలని, దేనికెంతో కొలత పెట్టి వ్రాశారు. ఆనాటి కొలతలను తరువాతి ముద్రణలలో నేటి కొలతల్లోకి మార్చారు. మన తెలుగులో మాలతీ చందూర్ గారి “వంటలు-పిండివంటలు” సంగతి వేరే చెప్పాలా? ఆంధ్రప్రభలో “ప్రమదావనం” చదివిన ప్రతి ఇంట్లోనూ ఆ పుస్తకం నూనె మరకలతో కనబడేది. మరకలు లేని వంటల పుస్తకాన్ని నేను నమ్మను సుమా!

అయితే ఒక లోటు చెప్పకుండా ఉండలేను. నా దగ్గరున్న పాత పుస్తకాల్లో ఆంధ్ర వంట అంటే చాలామటుకు కోస్తా వంట, అందులోనూ శాకాహారం. బొబ్బట్లకు పేజీలకు పేజీలు. జొన్నరొట్టెకు నాలుగు వాక్యాలుంటే గొప్ప. అంబలి, సర్వపిండి, రాగిసంగటి ఎక్కడా కానరావు. రోజూ తినేదాన్ని వ్రాయడమెందుకని కాబోలు! తీరా 2023ని ఐక్యరాజ్యసమితి చిరుధాన్యాల సంవత్సరమని ప్రకటించాక, సంగటి ఎలా కెలకాలో చెప్పమని అందరూ అడిగేవారే.

మా పక్కింటి వదినగారిది వరంగల్లు. ఒక సంక్రాంతికి పుస్తకం చూసి సకినాలు చేద్దామని కూర్చున్నాను. “బియ్యప్పిండి” అని ఉంది గదా అని డబ్బాలో పిండి తీశాను. ఆవిడ చూసి, “అట్ల కాదమ్మా! బియ్యం నానబెట్టి, వడేసి, తడి మీద పట్టిచ్చిన పిండి కావాలె. పొడిపిండితోని చేస్తే రాళ్లయితయ్” అన్నది. నువ్వులూ వామూ కలిపి, గుడ్డ మీద చేత్తో చుట్లు తిప్పుతుంటే చూస్తూ ఉండిపోయాను. ఆ తిప్పడం ఏ పుస్తకంలోనూ పట్టదు. కాని “తడిపిండి” అనే మాట పడుతుంది గదా! ఆ ఒక్క మాట వ్రాస్తే చాలు, ఎక్కడో అమెరికాలో ఉన్న ఆడపిల్ల పండుగ నిలబడుతుంది.

రాయలసీమ వంటలకు ఈమధ్య ఆ పని జరిగింది. 1974లో తన అమ్మమ్మ తెలుగులో వేసిన వంటల పుస్తకాన్ని ఆధారం చేసుకుని, ఆ వంటలు మళ్లీ వండి చూసి, అర్చన పిడతల 2016లో “ఫైవ్ మోర్సెల్స్ ఆఫ్ లవ్” అని ఇంగ్లీషులో పుస్తకం తెచ్చారు. ముఖ్యమేమంటే, మళ్లీ వండి చూడడం. ఉన్నది ఉన్నట్టు ఎత్తి వ్రాస్తే నా ఆవకాయ లాగే అయ్యేది.

మరి అచ్చుకెక్కని మన ఇళ్లలోని వంటల మాటేమిటి? ఇంట్లో పెద్దావిడ వండుతుంటే “ఎంత వేశారు?” అని అడిగి లాభం లేదు. “ఏమో, చేతికొచ్చినంత” అంటారు. నేను ఉపాయం పట్టాను. పిన్ని మాగాయ కలుపుతూ ఉప్పు గుప్పిట్లోకి తీసుకోగానే, చెయ్యి పట్టుకుని ముందు నా త్రాసు పళ్లెంలో పోయించాను. “నా చెయ్యి కూడా తూస్తావుటే!” అని ఒకటే నవ్వు. మూడుసార్లు తూచాను. 48, 46, 49 గ్రాములు. డెబ్భై ఎనిమిదేళ్ల చెయ్యి!

అమ్మ పుస్తకంలో మాగాయ దగ్గర “ఉప్పు తగినంత” అని ఉంటే, దాని క్రింద “పిన్ని గుప్పెడు, దంచిన రాళ్ల ఉప్పు, 48 గ్రాములు, కాయకు ఒకటి” అని వ్రాసి, కాయ ఎంత తూగిందో కూడా వేశాను. వచ్చే ఆదివారం పిన్ని వడియాలు పెడుతుందిట. త్రాసు పట్టుకుని పెందలాడే వెళ్లాలి.