సింక్ మీద సిలికాన్, చేతిలో పాత ఏటీఎం కార్డు

మా రూమ్ ఖాళీ చేయడానికి ఇంకా రెండు రోజులే ఉంది. ఓనర్ అంకుల్ చూడ్డానికి వచ్చి వంటింట్లో స్టీల్ సింక్ దగ్గర ఆగిపోయారు. "ఇదేంటి బాబూ? ఇది పోకపోతే అడ్వాన్స్‌లో కట్ చేస్తా" అన్నారు. తప్పు మాదే. వానాకాలంలో సింక్ అంచు నుంచి నీళ్లు కారుతుంటే ఒక సిలికాన్ ట్యూబ్ తెచ్చి మేమే పూసేశాం. సగం సందులోకి వెళ్లింది, సగం స్టీల్ మీద పాకింది.

ముందు మేం చేసిన పిచ్చి పనులు చెప్తా. వేడినీళ్లు పోశాం, ఏం కాలేదు. లైటర్ పెట్టాం, నల్లబడింది కానీ కరగలేదు. కత్తితో గీకాం, సిలికాన్ కంటే ముందు స్టీల్ మీద గీత పడింది. ఒకడు టాయిలెట్ క్లీనర్ పోద్దామన్నాడు. ఫోన్‌లో అమ్మ ఆపింది: "ఒరేయ్, ఆ యాసిడ్‌కి సింకే పాడైపోతుందిరా!"

ఇది ఎందుకింత మొండిది? మామూలు ప్లాస్టిక్‌లో కార్బన్ గొలుసు ఉంటే, ఇందులో సిలికాన్, ఆక్సిజన్ ఒకదాని తర్వాత ఒకటి కట్టుకున్న గొలుసు ఉంటుంది. ఆ బంధాలు చాలా గట్టివి. ట్యూబ్‌లోంచి వచ్చాక గాలిలోని తేమతో ఈ గొలుసులు ఒకదానికొకటి ముడిపడి వలలా మారతాయి. పూసేటప్పుడు వెనిగర్ వాసన వస్తే, అది ఆ రియాక్షన్‌లో బయటికొచ్చే ఎసిటిక్ యాసిడ్. వల ఒకసారి బిగిశాక నీళ్లకీ సబ్బుకీ లొంగదు, నెయిల్ పాలిష్ రిమూవర్‌కీ కరగదు. అందుకే కరిగించాలని చూడకూడదు, కోసి లాగేయాలి.

చివరికి పని చేసిన పద్ధతి ఇది:

1. మందంగా ఉన్న చోట బ్లేడ్‌ని ఏటవాలుగా పట్టుకుని, సిలికాన్‌ని మాత్రమే పొడుగ్గా కోయాలి. ఒక కొస లేపి మెల్లగా లాగితే తాడులా వచ్చేస్తుంది.

2. మిగిలిన పొరని పాత ఏటీఎం కార్డు అంచుతో నెట్టాలి. ప్లాస్టిక్ కాబట్టి స్టీల్‌కి గీతలు పడవు.

3. ఇంకా అంటుకున్న పల్చటి పొర మీద, పెయింట్ షాపులో దొరికే టర్పెంటైన్ తడిపిన గుడ్డ వేసి, ఒక గంట ఉంచాలి. సిలికాన్ కరగదు, ఉబ్బి పట్టు వదులుతుంది. బొటనవేలితో రుద్దితే ఉండలుగా వస్తుంది. కిటికీలు తెరవండి, స్టవ్ ఆర్పేయండి, గ్లవ్స్ వేసుకోండి.

4. ఆఖరికి సబ్బుతో కడగాలి. తర్వాత నీళ్లు చల్లి చూడండి. నీళ్లు పల్చగా పరుచుకుంటే శుభ్రమైనట్టు. ఒక్కచోటే బొట్లుగా నిలిస్తే అక్కడ ఇంకా పొర ఉన్నట్టే. ఆ పొర మీద కొత్త సిలికాన్ సరిగా పట్టదు, పెయింటూ నిలవదు.

మీది అల్యూమినియం కిటికీ అయితే ఇనుప పీచు వాడకండి, కాస్టిక్ సోడా అసలు తగలనివ్వకండి. అది అల్యూమినియంని తినేస్తుంది.

అంకుల్ మళ్లీ వచ్చి సింక్ మీద వేలితో రాసి చూశారు. సిలికాన్ గురించి ఏమీ అనలేదు. కత్తి గీతకి మాత్రం 200 రూపాయలు కట్ చేశారు. ఈసారి సిలికాన్ పూసే ముందు రెండు పక్కలా టేపు అంటించండి. పచ్చిగా ఉన్నప్పుడే ఆ టేపు పీకేస్తే ఈ ఆర్టికల్‌తో మీకు పనే ఉండదు.