కంప్యూటరులోని ఉమ్మడి బావి

పూర్వము గ్రామములలో ఇంటింటను బావి యుండెడిది కాదు. ఊరి నడుమ నొక మంచినీటి బావి యుండెడిది. పెక్కు కుటుంబములవారు ఆ నీరే త్రావెడివారు. ప్రతి గృహస్థునకును పెరటిలో బావి త్రవ్వించుకొను శ్రమయు వ్యయమును దీనివలన తప్పెడివి. ఐతే ఆ నీటిలో మలినము చేరినచో, ఆ కీడు ఒక్క యింటితో పోక ఊరంతటికిని ప్రాకెడిది. కంప్యూటరులో సైతము ఇట్టి ఉమ్మడి బావులు కలవు. వానిని షేర్డ్ లైబ్రరీ లందురు.

కంప్యూటరు చేయు ప్రతి పనికిని ఒక ప్రోగ్రాము కావలయును. ప్రోగ్రామనగా యంత్రము వరుసగా పాటింపవలసిన ఆజ్ఞల సముదాయము. ఉత్తరము వ్రాయుటకు ఒక ప్రోగ్రాము, చిత్రములు చూచుటకు మరియొక ప్రోగ్రాము ఉండును. కాని ఫైలును తెరచుట, అక్షరములను తెరపై చూపుట, పెద్ద ఫైలును కుదించుట వంటి పనులు పెక్కు ప్రోగ్రాములకు సమానములు. ఆ ఆజ్ఞలను ప్రతిదానియందును మరల వ్రాయుట వృథాశ్రమ. కావున వానిని ప్రత్యేకముగా ఒక ఫైలునం దుంచి, అవసరమైనపుడు ప్రోగ్రాములన్నియు వాడుకొనునట్లు ఏర్పాటు చేసిరి. విండోసునందు ఇట్టి ఫైళ్ల పేర్ల చివర 'డి.ఎల్.ఎల్.' అనియు, లినక్సునందు 'ఎస్.ఓ.' అనియు ఉండును. దీనివలన డిస్కులో చోటును మెమరీయు మిగులును. లైబ్రరీలోని తప్పు నొక్కసారి దిద్దినచో, దానిని వాడు ప్రోగ్రాములన్నింటికిని మేలు కలుగును.

వైరసులనుండి కంప్యూటరును కాపాడు ప్రోగ్రాములును ఈ పద్ధతినే అవలంబించినవి. క్లామ్ ఏ.వి. అను ఉచిత ప్రోగ్రామును ఉదాహరణముగా చెప్పవచ్చును. వైరసును గుర్తుపట్టు నేర్పంతయు దానియందు 'లిబ్ క్లామ్ ఏ.వి.' అను లైబ్రరీలో నున్నది. కోరినపుడు ఫైళ్లను పరీక్షించు ప్రోగ్రామును, ఎల్లప్పుడు మేలుకొని యుండు మరియొక ప్రోగ్రామును ఈ లైబ్రరీనే ఆశ్రయించును. కుదించిన ఫైలులో వైరసు దాగి యుండవచ్చును గదా! అట్టి ఫైలును విప్పి చూచుటకు ఈ లైబ్రరీ 'జడ్ లిబ్' అను వేరొక లైబ్రరీ సాయము పొందును. ఇట్లు ఒక బావికి మరియొక బావినుండి ఊట వచ్చుచుండును.

ఇందొక అపాయము కలదు. ప్రోగ్రాము తనకు కావలసిన లైబ్రరీని పేరునుబట్టి వెదకును. విండోసునందు సాధారణముగా ఆ వెదకులాట ప్రోగ్రామున్న చోటనే మొదలగును. దుష్టుడెవడైన అదే పేరుగల దొంగ ఫైలును అచట నుంచినచో, ప్రోగ్రాము దానినే అసలైనదని నమ్మవచ్చును. రక్షక ప్రోగ్రామునకు యంత్రముపై అధికారము మెండు. అట్టి కావలివాడే మోసపోయినచో ఆ అధికారమంతయు దొంగ చేతిలో పడును. 2010 ఆగస్టులో మైక్రోసాఫ్టు సంస్థ ఇట్టి మోసమును గూర్చి హెచ్చరిక వెలువరించెను. తరువాత 2013లో వచ్చిన విండోస్ 8.1 నందు, రక్షక ప్రోగ్రాములు తగిన డిజిటల్ సంతకము గల లైబ్రరీలను మాత్రమే స్వీకరించునట్టి ఏర్పాటు జరిగెను. ఫైలులో ఒక్క అక్షరము మారినను ఆ సంతకము సరిపోదు.

ఐనను కీడు బావి పుట్టినచోటనే కలిగినచో, తాళము మాత్రమేమి చేయగలదు? లినక్సునందు ఫైళ్లను కుదించుటకు 'ఎక్స్.జెడ్.' అను లైబ్రరీని విరివిగా వాడుదురు. దానిని ఒక స్వచ్ఛంద సేవకుడు పోషించుచుండెను. 'జియా టాన్' అను పేరుతో నొకరు సాయమునకు వచ్చి, రెండేండ్లకు పైగా ఓర్పుతో పనిచేసి నమ్మకము సంపాదించిరి. ఆ పిమ్మట 2024లో వెలువడిన 5.6.0, 5.6.1 ప్రతులలో ఒక రహస్యద్వారము చేర్చబడెను. దూరమునుండి కంప్యూటరులో ప్రవేశించుటకు తోడ్పడు భద్రమైన ప్రోగ్రామును వశపరచుకొనుటయే దాని ఉద్దేశము.

ఆండ్రెస్ ఫ్రాయిండ్ అను ఇంజనీరు తన యంత్రమును పరీక్షించుచు, ఆ ప్రవేశమునకు సుమారు అర సెకను ఎక్కువ పట్టుచున్నదని గమనించెను. అర సెకను గదా యని ఆతడు ఊరకుండలేదు. కారణమును అన్వేషించి, గుట్టును కనుగొని, 2024 మార్చి 29న లోకమునకు వెల్లడించెను. ఎక్కువమంది వాడు లినక్సు ప్రతులలోనికి ఆ లైబ్రరీ అప్పటికింకను చేరలేదు. అందుచే గొప్ప విపత్తు తప్పెను.

కంప్యూటరు వాడువారు దీనినుండి గ్రహింపవలసినవి కలవు. ఫలానా డి.ఎల్.ఎల్. లేదని తెరపై కనిపించినపుడు, దానిని ఎచటనుండియో తెచ్చి యంత్రములో ఉంచరాదు. ప్రోగ్రామును దాని తయారీదారులనుండియే పొంది మరల స్థాపించుకొనవలయును. తప్పులు దిద్ది వారు పంపు క్రొత్త ప్రతులను ఆలస్యము చేయక స్వీకరింపవలయును. ఉమ్మడి బావి నీరు త్రాగువారందరిది; దాని శుభ్రతను కనిపెట్టి యుండు బాధ్యతయు వారందరిదియే.