మిగులు ఎవరిది? – తొలి క్రైస్తవ చింతనలో సంపద, లోభం, దానం

వ్యాససంగ్రహం:
క్రైస్తవ చింతన ధనాన్ని కాక ధనాపేక్షను దోషంగా పరిగణిస్తుందన్న అభిప్రాయం ప్రసిద్ధం. అయితే అవసరానికి మించిన సంపద ఎవరికి చెందుతుందన్న ప్రశ్నకు అందులో సమాధానం లేదు. ఈ విషయంలో అలెగ్జాండ్రియాకు చెందిన క్లెమెంట్, కైసరయకు చెందిన బాసిల్ ఆలోచనలను పోల్చి, దానాన్ని దయగా భావించడానికీ న్యాయంగా భావించడానికీ గల భేదాన్ని ఈ వ్యాసం వివరిస్తుంది.

కీలకపదాలు: సంపద, లోభం, దానం, న్యాయం, క్లెమెంట్, బాసిల్.

1. ఉపోద్ఘాతం
గ్రీకు సువార్తలలో ధనానికి వాడిన ‘మామోను’ అరామిక్ పదం. మత్తయి సువార్త 6:24 ధనాన్ని దేవునికి పోటీగా నిలిచే యజమానిగా చూపుతుంది. తెలుగు బైబిలు ఇక్కడ ‘సిరి’ అన్న మాటను ఎన్నుకొంది. శ్రీ శబ్దభవమైన సిరి తెలుగువారికి మంగళవాచకం, ప్రతి ఇల్లూ కోరుకొనేది. అటువంటి మాట దైవానికి ఎదురుగా నిలవడం పాఠకుణ్ణి ఆలోచింపజేస్తుంది. కోరదగిన వస్తువు మనిషికి యజమానిగా ఎప్పుడు మారుతుంది? తొలి శతాబ్దాల క్రైస్తవ చింతకులు ఎదుర్కొన్న ప్రశ్న కూడా ఇదే.

2. క్లెమెంట్: మనసులోని లోభం
మార్కు సువార్త 10వ అధ్యాయంలో నిత్యజీవానికి మార్గం అడిగిన ధనవంతునికి, ఆస్తి అమ్మి బీదలకిమ్మని యేసు చెబుతాడు. అలెగ్జాండ్రియా వంటి సంపన్న వాణిజ్య నగరంలో ఈ మాట ధనిక విశ్వాసులను కలవరపెట్టింది. క్లెమెంట్ (సుమారు 150–215) ఏ ధనవంతుడు రక్షణ పొందగలడన్న ప్రశ్ననే శీర్షికగా చేసుకొని ఒక గ్రంథం రాశాడు. విడిచిపెట్టవలసింది ఆస్తిని కాదనీ, దానిపై మమకారాన్ననీ ఆయన వ్యాఖ్యానించాడు. ఎవరి దగ్గరా ఏమీ లేకపోతే ఆకలిగొన్నవారికి అన్నం పెట్టేదెవరని ప్రశ్నించాడు. సంపద ఒక సాధనం. మంచిచెడ్డలు వాడేవానిలో ఉంటాయి.

ఈ వాదం ధనవంతునికి సంఘంలో చోటు కల్పించింది, దానం చేసే బాధ్యతను కూడా మోపింది. కాని మమకారం ఉన్నదీ లేనిదీ తేల్చవలసినవాడు చివరకు ధనవంతుడే. ఎంత ఉంచుకోవచ్చు, ఎంత ఇవ్వాలి అన్నదానికి బాహ్యమైన కొలత ఇందులో స్పష్టంగా కనిపించదు.

3. బాసిల్: కొట్లలోని ధాన్యం
ఆ కొలతను నాలుగవ శతాబ్దంలో ఒక కరవు ముందుకు తెచ్చింది. కప్పదొకియలోని కైసరయ (నేటి టర్కీలోని కైసేరి) సముద్రానికి దూరంగా ఉన్న నగరం. సుమారు 368–369లో వర్షాలు లేక పంటలు ఎండినప్పుడు, తీరనగరాలకు వచ్చినట్లు ఓడలలో ధాన్యం అక్కడికి రాలేదు. ధర ఇంకా పెరుగుతుందని కొందరు ధాన్యాన్ని కొట్లలో దాచారు. అప్పటికి బాసిల్ (సుమారు 330–379) ఇంకా బిషప్ కాలేదు. ఆయన ప్రసంగాల ఒత్తిడితో సంపన్నుల కొట్లు తెరుచుకొన్నాయని మిత్రుడైన నజియాంజస్ గ్రెగరీ తన స్మారక ప్రసంగంలో పేర్కొన్నాడు.

లూకా సువార్త 12వ అధ్యాయంలోని ధనవంతుడు పంట ఎక్కువగా పండితే పాత కొట్లు విప్పి పెద్దవి కట్టాలనుకొంటాడు. బాసిల్ ఈ ఉపమానాన్ని వ్యాఖ్యానిస్తూ, కొత్త కొట్లు అక్కరలేదనీ, బీదల కడుపులే తగిన కొట్లనీ బోధించాడు. అవసరానికి మించి దాచిన అన్నం ఆకలిగొన్నవానిది, పెట్టెలోని వస్త్రం బట్ట లేనివానిది అన్నాడు. పరుల వస్త్రాన్ని దోచినవాడు దొంగ అయితే, ఇవ్వగలిగి ఇవ్వనివాడు కూడా ఆ పేరుకే తగుతాడని వాదించాడు.

ఇక్కడ లోభం మనసులోని వికారంగా మాత్రమే మిగలలేదు. ఇతరుల భాగాన్ని పట్టి ఉంచే చర్య అయింది. దానికి కొలత ధనవంతుని మనసు కాదు, పొరుగువాని అవసరం. బాసిల్ తరువాత నగరం వెలుపల బీదలకు, రోగులకు, బాటసారులకు ఆశ్రయస్థానాన్ని నెలకొల్పాడు.

4. అనంతర పరిణామం
నాబోతు ద్రాక్షతోట కథను ఆధారం చేసుకొని మిలాన్ బిషప్ అంబ్రోస్, ధనవంతుడు బీదలకిచ్చేది వారిదేనని బోధించాడు. ధనవంతుడు–లాజరు ఉపమానంపై జాన్ క్రిసోస్తమ్ చేసిన ప్రసంగాలలో, ఉన్నదాన్ని పంచకపోవడమే దోపిడి. పదమూడవ శతాబ్దంలో థామస్ అక్వినాస్ ఈ ఆలోచనను నియమబద్ధం చేశాడు. సొంత ఆస్తి ధర్మసమ్మతమే అయినా, వేరే దారి లేని తీవ్రమైన అక్కరలో ఇతరుల వస్తువును తీసుకోవడం దొంగతనం కాదన్నాడు.

అయితే బాసిల్ ప్రసంగాలలో రెండో స్వరం కూడా వినిపిస్తుంది. దాతకు పరలోక ఫలం దక్కుతుందని ఆయన ఆశ చూపుతాడు. ఈ దృష్టిలో బీదవాడు దాత పుణ్యానికి సాధనంగా మారే ప్రమాదముంది. మిగులు బీదవానిదన్న మొదటి స్వరం మాత్రం అతణ్ణి హక్కుదారుగా నిలబెడుతుంది.

5. ముగింపు
ఈ రెండు స్వరాల భేదం పదాలలోనే ఉంది. దానానికి గ్రీకు మాట ‘ఎలెయెమోసునె’ దయ అన్న అర్థం నుండి పుట్టింది. యూదు సంప్రదాయంలో దానానికి స్థిరపడిన ‘సెదాకా’ మూలార్థం నీతి, న్యాయం. మత్తయి 6:2లో తెలుగు బైబిలు వాడిన ‘ధర్మము’ ఈ రెండర్థాలనూ ఇముడ్చుకొంది. ‘ధర్మం చేయండి’ అన్నప్పుడు అది యాచన, ‘ఇది ధర్మం’ అన్నప్పుడు న్యాయనిర్ణయం. క్లెమెంట్ ధనవంతుణ్ణి తన మనసును పరీక్షించుకొమ్మన్నాడు. బాసిల్ తన కొట్టును పరీక్షించుకొమ్మన్నాడు. మొదటిది లేనిదే దానం ఆడంబరమవుతుంది. రెండవది లేనిదే నిర్లిప్తత లోభానికి ముసుగవుతుంది.