నాడి కోడలిది, మందు అత్తగారికి!

వైద్యశాలలో కూర్చున్నవానికి రోగాలకంటె కోరికలే ఎక్కువగా ఎదురవుతాయి. దశాబ్దాల అనుభవంతో ఈ మాట మనవి చేస్తున్నాను.

ఆ మధ్య ఒక గృహిణి చేయి చాచి, "నాడి చూడండి, శాస్త్రిగారూ! మందు మాత్రం మా అత్తగారికి. ఆవిడ రాలేరు. ఇద్దరం ఒకే వంట తింటున్నాం కదా!" అన్నారు. మరొక పెద్దమనిషి త్రిఫల చూర్ణం రుచి చూసి, వగరు తీసివేసి ఇమ్మన్నారు. కరక్కాయ, తానికాయ, ఉసిరికాయలలో వగరు తీసివేస్తే మిగిలేది పొట్లం కాగితమేనన్నాను. ఇంకొకరు పథ్యం దగ్గర బేరానికి దిగారు: "ఆవకాయ మాననండీ. కావాలంటే మందు మోతాదు పెంచండి!"

గురుకులంలో చరకసంహిత సూత్రస్థానం 9వ అధ్యాయం చెబుతూ మా గురువుగారు చికిత్సకు నాలుగు పాదాలని బోధించారు. వైద్యుడు, ఔషధం, పరిచారకుడు, రోగి. ఒక్కొక్క పాదానికి నాలుగేసి గుణాలు. రోగికి ఉండవలసినవి జ్ఞాపకశక్తి, చెప్పినట్లు నడచుకోవడం, ధైర్యం, బాధను దాచక చెప్పడం. ఆవకాయ పెద్దమనిషిలో మూడవ గుణం పుష్కలం, రెండవదానికే కరవు.

అయితే నవ్వుకోలేని సందర్భమూ ఒకటి ఉన్నది. ఒక సాయంత్రం ఒక కుర్రవాడు చీటీ తెచ్చాడు. "గుండెల్లో గ్యాసు పట్టేసింది. పోయినసారి ఇచ్చిన వాము చూర్ణమే పంపగలరు." పాత రోగి, అందులో మొహమాటం. పొట్లం కట్టి ఇచ్చాను. గడప దాటుతూ వాడు, "నాన్నకు చొక్కా తడిసేలా చెమటలు పడుతున్నాయండీ" అన్నాడు. పొట్లం వెనక్కి తీసుకొని వాని వెంట పరుగెత్తాను.

"మందు పంపమంటే మీరొచ్చారేమిటి?" అని రోగి నామీద మండిపడ్డారు. ఆ కోపంతోనే ఆయనను ఆటో ఎక్కించి ఆసుపత్రికి చేర్చాము. గుండెపోటని తేలింది. సమయానికి చికిత్స అంది బ్రతికారు. చీటీ పంపడం ఆయన పొరపాటు. రోగిని చూడక పొట్లం కట్టడం నాది. ఆనాటినుండి చీటీకి మందివ్వడం మానుకున్నాను.

పాఠకులు దయతో గుర్తుంచుకోవలెను. ఛాతీలో బరువు లేదా బిగువు, చేతికో దవడకో పాకే నొప్పి, చల్లని చెమట, ఆయాసం కనిపిస్తే వాము డబ్బా వెదకవద్దు. వెంటనే 108కి ఫోన్ చేయండి. మధుమేహులకు, వృద్ధులకు, స్త్రీలకు ఒక్కొక్కప్పుడు నొప్పి స్పష్టంగా లేకుండానే గుండెపోటు రావచ్చు.

తక్కిన రోగాలకు మా వద్దకు రండి. రోగిని మాత్రం వెంట తీసుకొని రండి. ఆవకాయ సంగతి అప్పుడు తీరికగా మాట్లాడుకుందాం.