ఆటయే జీవనోపాధి: వాలీబాల్ క్రీడాకారిణి ప్రస్థానము

రెండు గుంజలు, వాటి నడుమ ఒక వల, ఒక బంతి. వాలీబాల్ ఆటకు ఇంతకు మించిన సామగ్రి అక్కరలేదు. నల్లమల అడవికి వాకిలి వంటి అచ్చంపేటలోనైనను, పీఠభూమి మీది అమ్రాబాదు, మన్ననూరులలోనైనను బడి ఆవరణలో చదును చేసిన నేల కొంత ఉన్నచో ఈ ఆట సాగగలదు. ఖర్చు తక్కువ కావుట చేతనే ఇది పల్లెకు చేరువైనది. అయితే సాయంకాలపు వినోదము వేరు, జీవనోపాధి వేరు. బంతిని చక్కగా కొట్టగల పదునాలుగేండ్ల బాలిక ఒకతె అచ్చంపేట బడిలో ఉన్నదనుకొందము. ఆమె తల్లిదండ్రులు వేయు మొదటి ప్రశ్న ఒక్కటే: "ఈ ఆట అమ్మాయికి అన్నము పెట్టునా?" ఇది తేలికగా తోసివేయదగిన ప్రశ్న కాదు. దీనికి మన దేశము ఒక విధముగాను, ఫిలిప్పీన్సు దేశము మరొక విధముగాను సమాధానము చెప్పినవి. ఆ రెండు సమాధానములను ప్రక్కప్రక్కన ఉంచి పరిశీలించుటయే ఈ ప్రసంగము ఉద్దేశము.

ముందుగా ఆటను గూర్చి నాలుగు మాటలు. అమెరికాలోని హోలియోక్ పట్టణమున, వై.ఎం.సి.ఏ.లో వ్యాయామ శిక్షకుడైన విలియం మోర్గన్ 1895లో ఈ ఆటను రూపొందించెను. ఆ సంస్థ ద్వారానే అది ఆసియా ఖండమునకు వచ్చినది. ఫిలిప్పీన్సుకు 1910లో చేరినది. మన దక్షిణాదిలో 1920లో మద్రాసున వెలసిన వై.ఎం.సి.ఏ. వ్యాయామ కళాశాల ఇటువంటి ఆటలకు శిక్షకులను తయారు చేసినది. ఒకరు బంతిని వల అంచున ఎత్తి అందించగా మరొకరు ఎగిరి దానిని బలముగా క్రిందికి కొట్టు పద్ధతి ఈనాడు ఈ ఆటకు ప్రాణము వంటిది. ఆ పద్ధతి 1916లో ఫిలిప్పీన్సులో పుట్టినదే. ఆ దేశమునకు ఈ ఆటపై గల మక్కువ నిన్న మొన్నటిది కాదని దీనిని బట్టి గ్రహింపవచ్చును.

బరి పొడవు 18 మీటర్లు, వెడల్పు 9 మీటర్లు. పురుషులకు వల ఎత్తు 2.43 మీటర్లు; స్త్రీలకు 2.24 మీటర్లు. ఒక్కొక్క పక్షమున ఆరుగురు ఆడుదురు. బంతిని మూడు తాకిడులలో అవతలి పక్షమునకు పంపవలెను. వల దగ్గర అడ్డుకొనుటకు చేయు తాకిడి ఈ లెక్కలోనికి రాదు. ఈ లెక్కలు చెప్పుటకు కారణమున్నది. తన తల కంటె ఎంతో ఎత్తున నున్న వల అంచును దాటి బంతిని కొట్టవలెనన్న, ఆటగత్తె ప్రతి దినము సాధనలో లెక్కకు మిక్కిలిగా ఎగురవలెను. ఎగిరిన ప్రతి పర్యాయము గట్టి నేలపై దిగవలెను. ఆ బరువంతయు మోకాళ్ళ మీదనే పడును. కావున ఈ ఆటలో ఆయుర్దాయము తక్కువ. ముప్పదియేండ్లు దాటిన పిమ్మట అగ్రశ్రేణిలో నిలుచువారు కొలదిమందియే. బ్రతుకులో పదిపదునైదేండ్లు తినివేయు ఈ విద్య, తక్కిన బ్రతుకునకు ఏమి ఇచ్చుననునదే అసలు ప్రశ్న.

ఇక మన సమాధానము. భారత వాలీబాల్ సమాఖ్య 1951లో ఏర్పడినది. మన పురుషుల జట్టు 1962 ఆసియా క్రీడలలో రజతమును, 1986 సియోల్ క్రీడలలో కాంస్యమును గెలిచినది. మహిళల జట్టుకు ఆసియా క్రీడలలో పతకము దక్కలేదు. అయినను మన స్త్రీలలో గట్టి క్రీడాకారిణులు లేకపోలేదు. అర్జున పురస్కారమును ప్రభుత్వము 1961లో నెలకొల్పినది. వాలీబాల్‌లో దానిని అందుకొన్న తొలి మహిళ జి. మాలినీరెడ్డి, అది 1973వ సంవత్సరపు పురస్కారము. కేరళకు చెందిన కె.సి. ఏలమ్మకు ఆ గౌరవము 1975లో లభించినది. పురుషులలో శ్యామసుందరరావు 1974లో అర్జున పురస్కారము పొందగా, ఎ. రమణారావు ఆటగాడుగా అర్జునను, శిక్షకుడుగా 1990లో ద్రోణాచార్య పురస్కారమును పొందినారు. ఈ ఆటకు తెలుగునాట వేరు బలముగనే ఉన్నదని చెప్పుటకు ఈ పేర్లు చాలును.

ఇంతకంటె ఇంటింటికి తెలిసిన దృష్టాంతము మరొకటి కలదు. బాడ్మింటనులో 2016 రియో ఒలింపిక్సున రజతమును, 2021లో జరిగిన టోక్యో ఒలింపిక్సున కాంస్యమును గెలిచిన పి.వి. సింధును ఎరుగనివారు లేరు. ఆమె తండ్రి పి.వి. రమణ సియోల్‌లో కాంస్యము గెలిచిన వాలీబాల్ జట్టు సభ్యుడు. 2000వ సంవత్సరపు అర్జున పురస్కార గ్రహీత. ఆమె తల్లి విజయ కూడ జాతీయ స్థాయి వాలీబాల్ క్రీడాకారిణియే. తండ్రిది రైల్వే ఉద్యోగము. సింధు బాల్యములో రాకెట్టు పట్టి తొలి పాఠములు నేర్చినది సికింద్రాబాదులోని రైల్వే సిగ్నల్ ఇంజనీరింగు సంస్థ కోర్టులలో, మహబూబ్ అలీ శిక్షణలో. ఇచట గమనింపవలసిన సంగతి ఒకటి ఉన్నది. ఒక తరమున ఆటకు నీడనిచ్చిన సంస్థ, ఆ ఇంటిలోని మరుసటి తరమునకు కూడ మైదానము చూపినది.

మన దేశములో వాలీబాల్ ఆడు స్త్రీకి అన్నము పెట్టునది ప్రధానముగా ఉద్యోగమే. రైల్వేలు, పోలీసు శాఖలు, కొన్ని ప్రభుత్వ సంస్థలు క్రీడాకారుల కోటాలో నియామకములు చేయుచున్నవి. పాఠశాల జట్టు నుండి జిల్లాకు, జిల్లా నుండి రాష్ట్రమునకు, రాష్ట్రము నుండి జాతీయ పోటీలకు ఎదిగిన బాలిక ఎంపిక పరీక్షలలో నెగ్గి గుమాస్తాగానో, మరియొక హోదాలోనో ఉద్యోగములో చేరును. శిబిరములకు, పోటీలకు సెలవు దొరకును. ఆట ముగిసిన పిమ్మట కుర్చీ ఉండును, నెలజీతము ఉండును. మహిళల జాతీయ పోటీలలో రైల్వే జట్టు, కేరళ జట్టు పలుమారులు తుది పోరాటమున తలపడుట యాదృచ్ఛికము కాదు. ఉద్యోగ భద్రత ఉన్నచోట ఆట నిలిచినది.

ఈ పద్ధతి మనదే కాదు. మహిళల వాలీబాల్ ఒలింపిక్సులో ప్రవేశించినది 1964లో, టోక్యో నగరమున. అంతకు పూర్వము ఒలింపిక్సులో స్త్రీలకు జట్టు ఆట ఏదియు లేదు. ఆ యేడు స్వర్ణము గెలిచిన జపాను జట్టులో అత్యధికులు కైజుకాలోని నిచిబో నూలుమిల్లు ఉద్యోగినులు. పగలు మిల్లులో పనిచేసి, పిమ్మట రాత్రి పొద్దుపోవువరకు శిక్షకుడు దైమత్సు కఠిన పర్యవేక్షణలో సాధన చేసినవారు. సోవియట్ జట్టుపై వారు గెలిచిన తుది పోటీని టెలివిజనులో చూచినవారి ప్రమాణము టోక్యో పరిసర ప్రాంతమున 66.8 శాతముగా లెక్కకు వచ్చినది. మిల్లు జీతమిచ్చినది, జనము కన్నులప్పగించి చూచినారు. ఈ రెండును కలిసినప్పుడు ఆట ఎంత ఎత్తుకు పోగలదో ఆ దినమున లోకమునకు తెలిసినది.

ఇప్పుడు ఫిలిప్పీన్సు వైపునకు పోదము. అచట అలిస్సా వాల్డెజ్ అను క్రీడాకారిణి జీవితమును చూచినచో వారి సమాధానము స్పష్టమగును. ఆమె 1993లో బటాంగస్ రాష్ట్రములోని సాన్ హువాన్ అను ఊరిలో జన్మించినది. మనీలాలోని అటెనియో విశ్వవిద్యాలయ జట్టులో చేరి పేరు తెచ్చుకొన్నది. విశ్వవిద్యాలయముల మధ్య జరుగు పోటీలకు అచట గల ఆదరణ మనకు ఆశ్చర్యము కలిగించును. వేలాది జనము టిక్కెట్టు కొని వత్తురు, టెలివిజను ప్రసారము చేయును. 2014లో అటెనియో జట్టు, అజేయముగా నిలిచిన లా సాల్ జట్టును ఓడించి తొలిసారి మహిళల విజేత అయినది. 2015లో ఒక్క ఓటమియు లేకుండ మరల గెలిచినది. వాల్డెజ్ మూడు పర్యాయములు అత్యుత్తమ క్రీడాకారిణిగా ఎంపికైనది. అదే యేడు ఆగ్నేయాసియా క్రీడల ప్రారంభోత్సవమున తన దేశపు జెండాను పట్టి నడచినది.

చదువు ముగిసిన పిమ్మట ఆమెకు ఎదురైన దారి మన అమ్మాయిలకు ఎదురగు దారి కాదు. ఆమె 2017లో థాయిలాండులోను, పిమ్మట తైవానులోను విదేశీ జట్ల పక్షమున ఆడినది. స్వదేశములో క్రీమ్‌లైన్ అను ఐస్‌క్రీము కంపెనీ జట్టులో చేరినది. అచటి మహిళల లీగు 2004లో ఆరంభమై, 2017లో ప్రీమియర్ వాలీబాల్ లీగు అను పేరు ధరించి, 2020లో పూర్తిగా వృత్తి క్రీడాకారిణుల పోటీగా మారినది. అందు ఆడిన జట్లకు చాకొలెట్టు, వంటగ్యాసు, టెలిఫోను, మోటారుకార్ల కంపెనీల పేర్లుండుట చూచి నవ్వు రావచ్చును. కాని ఆ కంపెనీలు దానధర్మముగా డబ్బు పెట్టలేదు. జనము చూచెదరను నమ్మకముతో పెట్టినవి. విద్యార్థి దశలోనే ఆటగత్తెలను ఎరిగియున్న జనము, వారు ఉద్యోగినులైన పిమ్మట కూడ వెంట వచ్చినారు. ప్రేక్షకులు ముందు, లీగు తరువాత. ఆ వరుసను మనము గుర్తుంచుకొనవలెను. 2024లో క్రీమ్‌లైన్ జట్టు ఆ యేటి మూడు పోటీలను వరుసగా గెలిచినది.

ఈ చిత్రమునకు మరొక ప్రక్క లేకపోలేదు. 2022 చివరలో వాల్డెజ్ మోకాలికి గాయమైనది. మరల బరిలోనికి వచ్చుటకు నెలలు పట్టినది. శరీరమే పెట్టుబడిగా బ్రతుకు వారికి అట్టి నెలలు ఎంత భారమో ఊహింపవచ్చును. పైగా కంపెనీ మనసు మారినచో జట్టే ఉండదు. ఆ లీగులో పేరుపొందిన ఎఫ్2 లాజిస్టిక్స్ అను సరకుల రవాణా సంస్థ జట్టు 2023 చివర రద్దయి, క్రీడాకారిణులు వేరు జట్లను వెదకుకొనవలసి వచ్చినది. మన రైల్వే ఉద్యోగినికి ఆ భయము లేదు. అయితే ఆమె ఆటను చూచుటకు వచ్చువారును లేరు. అచట కీర్తి ఉన్నది, స్థిరత్వము తక్కువ. ఇచట స్థిరత్వమున్నది, గుర్తింపు తక్కువ.

మన దేశములో లీగు ప్రయత్నము జరుగలేదా అని పాఠకులు అడుగవచ్చును. జరిగినది. 2022 ఫిబ్రవరిలో ప్రైమ్ వాలీబాల్ లీగు తొలి పోటీలు హైదరాబాదు గచ్చిబౌలిలోనే జరిగినవి; హైదరాబాదు పేర ఒక జట్టు కూడ ఆడినది. కాని అది పురుషుల పోటీ. మహిళల క్రికెట్టుకు 2023లో వచ్చిన వృత్తి లీగు ఆ ఆటగత్తెల స్థితిని ఎట్లు మార్చినదో మనము చూచితిమి. వాలీబాల్‌లో స్త్రీలకు అట్టి ద్వారము తెరువవలెనన్న, ముందుగా చూచువారున్నారని రుజువు కావలెను. ఆ రుజువు ఢిల్లీలో తయారగునది కాదు. ఊరి మైదానములలో తయారగునది.

కావున తల్లిదండ్రుల ప్రశ్నకు మేము చెప్పగల సమాధానము ఇది. ఆట అన్నము పెట్టును. కాని ఒంటరిగా పెట్టదు. చదువును విడువక డిగ్రీ వరకు సాగించిన బాలికకు ఉద్యోగపు దారి తెరచియుండును. అలిస్సా వాల్డెజ్ పేరు కూడ విశ్వవిద్యాలయములోనే పుట్టినదని మరువరాదు. మోకాళ్ళను కాపాడు సరియైన శిక్షణ చిన్ననాటి నుండి కావలెను. గాయమైన పిల్లను బలవంతముగా బరిలో దింపరాదు. జిల్లా ఎంపికల వేళ, ఎంపిక పరీక్షల వేళ ఆమెకు తోడుగా పోవు పెద్దలొకరు ఇంట ఉండవలెను. అచ్చంపేట నుండి హైదరాబాదుకు బస్సెక్కు బాలికకు ఆ తోడే మొదటి ధైర్యము.

మిగిలినది ప్రేక్షకుల వంతు. పురుషుల పోటీ జరుగునప్పుడు గోడలెక్కి చూచు ఊరు, బాలికల పోటీ జరుగునప్పుడు ఇంటికి పోవుట సాధారణముగా కనిపించు దృశ్యము. మా వంతు కూడ కలదు. క్రీడావార్తలలో పురుషుల జట్ల ఫలితములను చదివి, సమయము చాలలేదని బాలికల ఫలితములను విడుచుట రేడియోలో పనిచేయు మా వంటివారికి సులువైన అలవాటు. జిల్లా బాలికల పోటీలో ఏ ఊరు గెలిచినదో, ఎన్ని పాయింట్ల తేడాతో గెలిచినదో, చివరి బంతిని కొట్టినదెవరో పేరుతో సహా చెప్పుటకు అర నిమిషము చాలును. ఆ అర నిమిషము ఆమె ఇంటిలో వినబడిన రోజున, ఆ తల్లిదండ్రుల ప్రశ్న కొంత తేలికపడును.