చేతిపని గల బిడ్డ చేయి చాచడు

పదవ తరగతి ఫలితాలు వెలువడగానే ‘తర్వాత ఏమిటి?’ అన్న ప్రశ్న ప్రతి ఇంటా తలెత్తుతుంది. డిగ్రీ లేకుంటే బిడ్డకు భవిష్యత్తే లేదన్న బెంగతో అప్పులు చేసే తల్లిదండ్రులకు మేము ఒక మాట చెప్పదలచాము.

మైలవరం నుంచి తిరువూరు వెళ్ళే దారిలోని ఎ.కొండూరునే చూడండి. ఈ మండలంలోని తండాలు ఏళ్ళుగా కిడ్నీ వ్యాధితో బాధపడుతున్నాయి. అక్కడ మంచినీరు ప్రాణావసరం. అది ఇంటింటికీ చేరాలంటే పైపులు బిగించేవారు, మోటార్లు బాగుచేసేవారు కావాలి. ఆ పని జీవనోపాధి మాత్రమే కాదు, సేవ కూడా.

ఐ.టి.ఐ.లో ఎలక్ట్రీషియన్ కోర్సు పదవ తరగతి తర్వాత 2 సంవత్సరాలు. వెల్డింగు, కుట్టుపని వంటివి ఒక్క ఏడాదిలో పూర్తవుతాయి. తర్వాత అప్రెంటిస్‌గా చేరితే స్టైపెండుతో పాటు అనుభవమూ లభిస్తుంది.

ఇప్పటికే వృత్తిలో ఉన్నవారికి 2023లో మొదలైన పి.ఎం. విశ్వకర్మ పథకం ఉంది. వడ్రంగం, తాపీపని, దర్జీపని సహా 18 వృత్తులు అందులో ఉన్నాయి. శిక్షణలో రోజుకు 500 రూపాయలు, పనిముట్లకు 15,000 రూపాయల వరకు ఇస్తారు. అందులోని రుణం వడ్డీతో కూడినది. అది తీసుకోకుండానే శిక్షణ, పనిముట్లు పొందవచ్చు. వడ్డీ హరామ్ అని మనకు తెలుసు కదా!

హజ్రత్ దావూద్ (అలైహిస్సలాం) ఇనుముతో కవచాలు చేశారు. హజ్రత్ జకరియ్యా (అలైహిస్సలాం) వడ్రంగి. ప్రవక్తలు చేసిన పనిని మనం చిన్నచూపు చూడగలమా? సంబంధాలు వెదికేటప్పుడు సైతం పట్టాను కాక, హలాల్ సంపాదనను చూద్దాం.